పెంటమ్మ పేరెక్కడిది?

తెలంగాణ పల్లెల్లో అరవై, డెబ్భై దాటిన ఆడవాళ్ల పేర్లు అడుగుతూ పోతే పోచమ్మ, ఎల్లమ్మ, మల్లమ్మ, నర్సమ్మ, లచ్చమ్మల నడుమ ఎక్కడో ఒకచోట పెంటమ్మ తగులుతుంది. మిగతా పేర్లకు ఎవరూ అర్థం అడగరు. దేవత పేరు పెట్టుకున్నారనుకుంటారు, ముందుకు పోతారు. పెంటమ్మ దగ్గరికి వచ్చేసరికి చదువుకున్న మనిషి మొహంలో నవ్వో, జాలో కనబడుతుంది. నవ్వేవాళ్ల సంగతి మనకు తెలిసిందే. మాకు పేచీ జాలిపడేవాళ్లతోనే ఎక్కువ. "పై కులాలు మనోళ్లకు ఇట్లాంటి అసహ్యపు పేర్లు అంటగట్టినయి" అని మన మిత్రులు కూడా సభల్లో చెబుతున్నారు. ఆ మాటలో సగమే నిజం. మిగతా సగం మన తల్లులది. దాన్ని మనుధర్మం ఖాతాలో రాసేస్తే తల్లులకు అన్యాయం చేసినవాళ్లమవుతాం.

ముందు మాట సంగతి. పెంట అంటే పశువుల కొట్టంలో తీసిన పెండ, ఊడ్చిన చెత్త, పొయ్యిలో బూడిద, పశువులు తినగా మిగిలిన గడ్డి, ఇవన్నీ ఒకచోట పోసి మాగబెట్టిన కుప్ప. ఎండాకాలంలో దాన్ని బండ్లకెత్తి చెలకలకు తోలుతారు. 'పెంట తోలుడు' అంటే సేద్యంలో ఒక పెద్ద పని. కోస్తా వైపు ఇదే మాటను మలానికి వాడడం ఎక్కువ. బడి పుస్తకాల తెలుగు, సినిమా తెలుగు ఆ వైపు నుంచే వచ్చినయి కాబట్టి పెంట అంటే అశుద్ధమనే అర్థం అందరికీ తలకెక్కింది. పెంటమ్మ పేరు వినగానే వచ్చే నవ్వులో కులంతో పాటు ఈ ప్రాంతపు తేడా కూడా కలిసి ఉంది. నల్లమలలో చెంచుల గూడేలను పెంటలే అంటారు. అక్కడ ఆ మాటకు నలుగురు కలిసి ఉండే చోటు అని తప్ప వేరే వాసన లేదు.

పాత తెలుగులో 'పెంటి' అంటే ఆడది. దాని నుంచే పెంటమ్మ వచ్చిందని, పేరును కొంచెం మర్యాదగా నిలబెడదామని, ఎవరైనా అనవచ్చు. అది నిలవదు. పెంటయ్య అనే మగపేరు కూడా అంతే విరివిగా ఉంది కదా. ఇద్దరికీ పేరు ఆ కుప్ప నుంచే వచ్చింది. దాచిపెట్టాల్సిన పని లేదు.

ఎట్లా వచ్చిందో మన ముసలవ్వలకు బాగా తెలుసు. ఒక తల్లికి పుట్టిన పిల్లలు పుట్టినట్టే పోతుంటారు. ఇద్దరు పోయినంక, ముగ్గురు పోయినంక మళ్లీ ఒక బిడ్డ పుడుతుంది. ఈ బిడ్డనన్నా దక్కించుకోవాలె. బొడ్డు కోసినంక ఆ బిడ్డను చేటలో పండబెట్టి, తీసుకుపోయి పెంటకుప్ప మీద పెడతారు. తల్లి వద్దనుకుని పారేసినట్టన్నమాట. కాసేపటికి మంత్రసానో, ఇంకో ఇంటి ఆడమనిషో పోయి ఎత్తుకొస్తుంది. "పెంట మీద బిడ్డ దొరికింది, కొంటరా?" అని వాకిట్లో నిలబడి అడుగుతుంది. తల్లి చేటెడు తవుడో, పాత చీరో, పైసలో ఇచ్చి తన బిడ్డను తానే కొనుక్కుంటుంది. ఆ బిడ్డ ఆడదైతే పెంటమ్మ, మగవాడైతే పెంటయ్య. ఊరూరికీ తంతులో తేడాలుంటాయి. కొన్నిచోట్ల కుప్ప మీద పెట్టడం కూడా ఉండదు, ఉత్త పేరే పెడతారు. వెనకున్న లెక్క మాత్రం ఒకటే. పిల్లల్ని ఎత్తుకుపోయేది ఏదో ఉంది, దేవతో, దయ్యమో, దిష్టో. ముద్దుగా పెంచుకునే బిడ్డ మీదే దాని కన్ను పడుతుంది. పారేసిన బిడ్డను, ఎవరికీ అక్కర్లేని బిడ్డను అది ముట్టదు. దానిని ఏమార్చాలె.

ఈ తంతులో ఎత్తుకొచ్చే మనిషిని కూడా చూడాలి. మంత్రసానులు చాలా ఊళ్లలో మంగలి, మాదిగ, మాల స్త్రీలే. మిగతా రోజుల్లో వాకిలి దాటి లోపలికి రానియ్యని మనిషి చేతుల మీదుగానే ఇంటికి వారసులొచ్చేవారు. పురుడు పోసి, బొడ్డు కోసి, మైల బట్టలు ఉతికి, తర్వాత మళ్లీ వాకిలి బయట. పెంట తంతు జరిగిన ఇంట్లో అయితే ఆ కాసేపు బిడ్డ ఆమెదే. ఆమె అమ్మితేనే తల్లికి దక్కుతుంది. అంటరానితనం ఎంత గట్టిగా ఉన్నా చావు భయం ముందు ఇట్లా సందు ఇచ్చేది. కానీ ఆ సందు బిడ్డకే గానీ ఎత్తుకొచ్చిన మనిషికి ఎన్నడూ దొరకలేదు.

ఈ పేరు మన కులాలకే ఉన్నదా అంటే లేదు. పెంటయ్యలు గౌండ్లలో ఉన్నారు, కురుమల్లో, ముదిరాజుల్లో ఉన్నారు. పెంటాచారులున్నారు. పెంటారెడ్డి అనే పేరు తెలంగాణలో వింత కాదు. ఉత్తరాంధ్రలో ఇదే పని తవుడు చేసింది. అక్కడ తవిటమ్మ, తవిటయ్య, తవిటినాయుడు అందరూ తవుడుకు కొనబడ్డ బిడ్డలే. ఎంగిలి విస్తరిని పుల్లాకు అంటారు. పుల్లాకుల మీద దొర్లించి తెచ్చుకున్న బిడ్డలు పుల్లమ్మలు, పుల్లయ్యలు అయ్యారు. బిచ్చమెత్తి సాకినట్టు నటించిన చోట బిచ్చమ్మ, బిక్షమయ్య, పిచ్చమ్మ. ఈ చివరి పేరుకూ ఇట్లాంటి అన్యాయమే జరిగింది. భిక్ష నుంచి వచ్చిన పిచ్చమ్మను చదువుకున్నవాళ్లు మతిలేని మనిషి కింద అర్థం చేసుకున్నారు. రాయలసీమలో, ముఖ్యంగా కన్నడం కలిసే అనంతపురం వైపు, తిప్పమ్మ, తిప్పయ్య పేర్లు విరివి. కన్నడంలో తిప్పె అంటే పెంటకుప్పే. చిత్రదుర్గం దగ్గరి నాయకనహట్టి తిప్పేరుద్రస్వామి మీద భక్తితో పెట్టుకున్న పేర్లు కూడా వాటిలో ఉన్నాయి గనుక ప్రతి తిప్పమ్మా తంతు బిడ్డే అనలేం. తమిళంలో కుప్పమ్మాళ్, కుప్పుస్వామి. మరాఠీలో ఉకిరడా అంటే పెంటకుప్ప, ఆ పేరూ ఉంది. చెత్తను చెప్పే కచ్రు కూడా ఉంది. 'లగాన్' (2001) సినిమాలో అంటరాని పాత్రకు కచ్రా అని పేరు పెట్టింది ఊరికే కాదు. పంజాబీల పేర్ల మీద 1883లో పుస్తకం రాసిన రిచర్డ్ టెంపుల్ ఇట్లాంటి పేర్లను ప్రత్యేకంగా చర్చించాడు. అక్కడి ఛజ్జూ అంటే చేటలో పెట్టబడ్డవాడు, ఘసీటా అంటే ఈడ్వబడ్డవాడు. బెంగాల్లో 1889లో పుట్టి, 1908లో ఉరికంబమెక్కిన ఖుదీరామ్ బోస్ పేరు కూడా ఈ కోవలోదే. ముందు పుట్టిన ఇద్దరు మగపిల్లలు పోయారని, తల్లి అతన్ని పెద్దకూతురికి మూడు గుప్పిళ్ల నూకలకు అమ్మింది. ఖుద్ అంటే నూకలు. దేశమంతా గౌరవంగా తలచే పేరులో నూకలుంటే ఎవరూ నవ్వరు.

అసలు తేడా అక్కడే ఉంది. పెంటారెడ్డి ఊళ్లోకొస్తే లేచి నిలబడతారు. 'రెడ్డి' తోక తగిలించగానే పెంట వాసన పోతుంది. అదే పేరు వాడలో మనిషికి ఉంటే వాసన తిరిగొస్తుంది. అంటే అసహ్యం మాటలో లేదు, మనిషి పుట్టుక మీద ఊరు వేసిన ముద్రలో ఉంది.

ఇక్కడ ఇంకో గందరగోళం కూడా తీర్చుకోవాలి. మహారాష్ట్రలో ఆడపిల్లలకు 'నకుషా' అని పేరు పెట్టే అలవాటుండేది. వద్దనుకున్నది అని దాని అర్థం. సతారా జిల్లాలో 2011 అక్టోబరులో ఒక సభ పెట్టి 285 మంది నకుషాలకు కొత్త పేర్లిచ్చారు. మంచి పని. ఆ వార్తల దరిమిలా మన దగ్గర పెంటమ్మను కూడా ఆడపిల్లల మీది చిన్నచూపుకు ఉదాహరణగా చూపేవాళ్లు బయలుదేరారు. రెండు పేర్లూ పక్కపక్కన పెట్టి చూడండి. నకుషా నిజంగానే వద్దనుకున్న బిడ్డ. తల్లిదండ్రులు తమ మనసులో మాట ఆమె నెత్తిన రాశారు. పెంటమ్మ వద్దనుకున్నట్టు నటించబడ్డ బిడ్డ. ఆ నటన అంతా ఆమె బతకాలనే. ఇద్దరు ముగ్గురు పిల్లల్ని మట్టిలో పెట్టి వచ్చిన ఇంట్లో పుట్టిన ఆడబిడ్డను, 'ఆడదే కదా' అని వదిలేయకుండా, చావును ఏమార్చి మరీ దక్కించుకున్నారని ఆ పేరు చెబుతోంది. మగపిల్లల కోసమే ఈ తంతయితే పెంటయ్యలు మాత్రమే ఉండాలి. ఇంతమంది పెంటమ్మలు ఎక్కణ్ణుంచి వచ్చారు?

ఆ పేరులో ఇంకో లెక్క కూడా ఉంది. ప్రతి పెంటమ్మ వెనుకా పేరు కూడా పెట్టకముందే పోయిన అన్నలో అక్కలో ఉన్నారు. వాళ్లు ఏ రిజిస్టర్లోనూ లేరు. 1971లో దేశంలో పుట్టిన ప్రతి వెయ్యి మంది పిల్లల్లో 129 మంది ఏడాది నిండకుండానే పోయేవారని శాంపిల్ రిజిస్ట్రేషన్ లెక్కలు చెబుతున్నాయి. 2020 నాటికి అది 28కి దిగింది. మన పెంటమ్మలు చాలామంది 1971కి కూడా ముందు పుట్టినవాళ్లు. ఈ చావులు కూడా అందరికీ సమానం కాదు. 2015-16 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వేలో షెడ్యూల్డ్ కులాల్లో ఇది వెయ్యికి 45, ఏ రిజర్వేషనూ లేని కులాల్లో 32. పెంటయ్య పేరు అన్ని కులాల్లో ఉన్నా మన వాడల్లో ఎందుకు ఎక్కువగా వినబడుతుందని అడిగేవాళ్లకు జవాబులో ఒక ముక్క ఇదే. కాన్పు దగ్గర పడేదాకా నాట్లకో కోతలకో పోయిన తల్లి, ఊరి బావి ముట్టనియ్యక వాగులో చెలిమ నీళ్లు తాగిన వాడ, దవాఖాన మొహం తెలియని బాలింత. ఈ కారణాల మీద ఎవరికీ కోపం రాలేదు. పేరు మీద మాత్రం నవ్వొచ్చింది.

ఇక మొదట సగం నిజమన్న మాట దగ్గరికి వద్దాం. మనుస్మృతి రెండో అధ్యాయం 31వ శ్లోకం పేర్ల సంగతి తేల్చిచెప్పింది. బ్రాహ్మణుడి పేరు మంగళకరంగా ఉండాలి, క్షత్రియుడిది బలాన్ని, వైశ్యుడిది ధనాన్ని తెలపాలి, శూద్రుడిది ఏవగింపు కలిగించాలి. తర్వాతి శ్లోకంలో శూద్రుడి పేరుకు ఊడిగం సూచించే తోక ఉండాలన్నాడు. ఆ తర్వాత ఆడవాళ్ల పేర్లు పలకడానికి సులువుగా, మనోహరంగా, శుభంగా ఉండాలని కూడా అన్నాడు. ఆ ఆడవాళ్లు ఎవరి ఆడవాళ్లో వేరే చెప్పనక్కర్లేదు. వర్ణాలకే బయట ఉన్న మన ప్రస్తావన అక్కడ లేనే లేదు. ఇది చదివి, పెంటమ్మ పేరు చూసి, 'ఇదిగో మనువు చెప్పినట్టే జరిగింది' అనుకోవడం సులువు. అంబేడ్కర్ 1927 డిసెంబరు 25న మహద్‌లో తగలబెట్టిన పుస్తకం కనుక మనకు ఆ కోపం సహజం కూడా.

కానీ పేరు ఎవరు పెట్టారన్నదే కదా ప్రశ్న. పెంటమ్మ పేరు పెట్టింది పురోహితుడు కాదు, దొర కాదు. బాలింత, ఆమె తల్లి, మంత్రసాని. వాళ్లకు మనువు తెలియదు. వాళ్లకు తెలిసింది పిల్లలు పోవడం. మనువు కోరిన ఏవగింపు మనిషిని కిందికి తొక్కడానికి. తల్లులు కోరిన ఏవగింపు చావును దూరం కొట్టడానికి. మాట ఒకటే, పని పూర్తిగా వేరు. మరి ఆ సగం నిజం ఎక్కడుందంటే, పేరు పెట్టడంలో కాదు, పిలవడంలో ఉంది. మా ఇండ్లల్లో పెంటమ్మ, పెంటవ్వ, పెంటక్క అని పిలిచే మనిషిని గడీలో 'ఏ పెంటీ' అన్నారు. పెంటయ్యను 'పెంటిగా' అన్నారు. అమ్మ, అయ్య అనే రెండక్షరాల మర్యాదను ఊరు ఊడబెరికింది. పాత దస్తావేజులు చూసినవాళ్లకు తెలుసు, అందులో దళిత మగవాళ్లు 'గాడు'లే. ఆడవాళ్లకు ఆ పాటి పేరు కూడా లేదు, ఫలానా వాని పెండ్లాము అంతే. మనువు చెప్పింది అమలైంది ఇక్కడ. కాబట్టి మనం పోట్లాడాల్సింది 'పెంట'తో కాదు, 'అమ్మ'ను కోసేసిన నోళ్లతో.

ఈ పెంట చుట్టూ తిరిగిన చాకిరీ కూడా మనదే. నిజాం కాలపు వెట్టిలో దొర కొట్టంలో పెండ తీసింది, గంపలకెత్తి కుప్ప పోసింది, ఎండల్లో పొలానికి మోసింది ఎక్కువగా మన ఆడవాళ్లే. దొర పెంటకుప్ప ఎంత పెద్దదైతే దొర అంత పెద్ద కాపు. మన వాకిట్లో కుప్ప మాత్రం మోకాలెత్తు దాటేది కాదు, పశువులుంటే కదా, చెలక ఉంటే కదా. పల్లెలో పెంట అంటే సంపద. ఇది మేము కల్పించి చెబుతున్నది కాదు, వైదికులే ఒప్పుకున్నారు. శ్రీసూక్తంలో లక్ష్మిని 'కరీషిణి' అన్నారు. కరీషం అంటే పెండ, ఎండిన పెండ. పెండ సమృద్ధిగా గలది అని ఆ పేరుకు అర్థం. తెలుగులో చెప్పుకుంటే పెంటమ్మ! సంక్రాంతికి అదే పేడను ముద్దజేసి, పసుపుకుంకాలు పెట్టి, గుమ్మడిపువ్వు గుచ్చి గొబ్బెమ్మ అని మొక్కుతారు. బడిలో పెంటమ్మ పేరు బాగాలేదని కొట్టేసి 'లక్ష్మి' అని రాసిన పంతుళ్లు చాలామందే ఉన్నారు. ఆ ఇద్దరూ ఒకరేనని వాళ్ల మంత్రమే చెబుతుంటే వాళ్లకు తెలియలేదు. సంస్కృతంలో ఉంటే స్తోత్రం, తెలుగులో ఉంటే తిట్టు.

బడి ఈ పేరుకు చేసిన హాని తక్కువది కాదు. హాజరు పిలిచేటప్పుడు ఆ పేరు దగ్గర పంతులు ఒక క్షణం ఆగితే చాలు, తరగతి అంతా నవ్వుతుంది. మొదటి తరంలో బడికి పోయిన ఆడపిల్లలకు ఆకలితో పాటు ఇదొకటి. మాలాంటి వాళ్ల ఇండ్లల్లో అక్కలు, మేనత్తలు బడి మానడానికి చెప్పిన కారణాల్లో ఈ నవ్వు కూడా ఉంది. పేరు మార్చుకున్నవాళ్లను అందుకే మేము తప్పుపట్టం. మార్చుకోవడం కూడా మన చరిత్రే.

ఆ చరిత్ర పాతదే. 1878 జులై 3న గుండ్లకమ్మ ఒడ్డున బాప్టిస్టు మిషనరీ క్లౌ ఆధ్వర్యంలో ఒక్కరోజే 2,222 మంది, అత్యధికులు మాదిగలు, బాప్తిస్మం తీసుకున్నారు. ఆ తర్వాతి తరాల్లో మరియమ్మలు, రూతమ్మలు, ఎస్తేరమ్మలు, కరుణమ్మలు పెరిగారు. చివర 'అమ్మ' మాత్రం ఎవరూ వదులుకోలేదు. 1985 జులై 16న కారంచేడులో మంచినీళ్ల చెరువు దగ్గర ఎదురు తిరిగిన స్త్రీ పేరు మున్నంగి సువార్త. ఆ పేరు వెనుక ఈ చరిత్రంతా ఉంది. హైదరాబాదులో 1888లో పుట్టిన మాదరి భాగయ్య, భాగ్యరెడ్డివర్మ అయ్యాడు. 1917లో బెజవాడ సభకు ఆయనే అధ్యక్షుడు. పంచములన్న మాట పోయి ఆది ఆంధ్రులన్న మాట రావడానికి ఆ సభే నాంది. ఒక మనిషి పేరు మార్చుకోవడం, ఒక జనం పేరు మార్చుకోవడం ఒకేసారి నడిచాయి. మహారాష్ట్రలో 1956 తర్వాత బౌద్ధం తీసుకున్న ఇండ్లల్లో కచ్రులు పోయి సిద్ధార్థులు, సుజాతలు వచ్చారు. మన వైపు అంత ఒక్క ఊపున జరగలేదు. పెంటమ్మ కూతురు పద్మ అయింది, మనుమరాలు సినిమా పేరో, అంతర్జాలంలో వెతికిన పేరో పెట్టుకుంది. పిల్లలు బతకడం మొదలైనంక తంతు అవసరమూ తగ్గింది, పేరూ ఆగిపోయింది. ఇది మంచికే. కొత్తగా ఎవరూ ఈ పేరు పెట్టాలని మేము అనడం లేదు.

ఉన్నవాళ్ల సంగతే మిగిలింది. ఇప్పుడు బతికున్న పెంటమ్మల పేర్లు కాగితాల్లో రకరకాలుగా ఉన్నాయి. రేషన్ కార్డులో పెంటమ్మ, ఎవరో మర్యాదకని రాయించిన బ్యాంకు పుస్తకంలో పద్మమ్మ, ఆధార్‌లో ఇంగ్లిషు అక్షరాలు తిరగబడి పెంతమ్మ. మూడూ ఒకే మనిషని మీసేవలో రుజువు చేసుకోవాలి. భూమి కాగితాల్లో అయితే ఇంకా కష్టం. 2020లో ధరణి వచ్చినప్పుడు, 2025లో దాని స్థానంలో భూభారతి వచ్చినప్పుడు, పేరు కలవక అసైన్డు భూమి ఎకరమో అరెకరమో చేతికి రాని ముసలవ్వల గోస ఊళ్లలో వినే ఉంటారు. అఫిడవిట్ రాసే గుమాస్తా 'పెంటమ్మ అలియాస్ పద్మమ్మ' అని రాస్తాడు. అలియాస్ దొంగలకు కదా బిడ్డా రాసేది అని ఆమె అడుగుతుంది.

వాడల్లోకి పోయి ఆడవాళ్ల చరిత్రలు రాసుకొచ్చే మన విద్యార్థులకు ఒక మాట. ఈ మధ్య కొందరు గౌరవం అనుకుని పెంటమ్మ పేరును రాతల్లో పద్మమ్మగా, లక్ష్మమ్మగా దిద్దుతున్నారు. ముందు ఆమెనే అడగండి. ఏ పేరుతో పిలిస్తే పలుకుతదో ఆ పేరే రాయండి, 'అమ్మ' కోయకుండా. ఆ పేరు ఎందుకు పెట్టారో కూడా అడగండి. ఆమెకు ముందు పుట్టి పోయినవాళ్లు ఎందరో, ఏ జ్వరానికి పోయారో, పెంట మీది నుంచి ఎత్తుకొచ్చింది ఎవరో, ఎంతకు కొన్నారో చెబుతుంది. చాలామందికి ఆ ధర ఇంకా గుర్తుంది.